ఆదివారాన్ని రద్దు చేసిన రాజ్యం: సోవియట్ దైనందిన జీవితంలో పాత ఆచారాలు, కొత్త వ్యవస్థ

1929 ఆగస్టులో సోవియట్ ప్రభుత్వం ఏడు రోజుల వారాన్ని పక్కన పెట్టింది. కర్మాగారాల్లో, కార్యాలయాల్లో పనిచేసేవారిని ఐదు బృందాలుగా విడదీసి, ఒక్కొక్క బృందానికి ఒక్కొక్క రంగు కేటాయించి, నాలుగు రోజులు పని, ఐదో రోజు సెలవు అనే పద్ధతిని ప్రవేశపెట్టింది. పసుపు రంగు వారికి సెలవు ఉన్న రోజున ఎరుపు రంగు వారు పనిలో ఉంటారు. ఏ రోజూ అందరికీ సెలవు ఉండదు కాబట్టి యంత్రాలు ఎన్నడూ ఆగవు. పైకి చెప్పిన ఉద్దేశం ఉత్పత్తిని పెంచడమే అయినా, ఆదివారం అన్నదే లేకుండా పోతే చర్చికి వెళ్లే అలవాటు కూడా దానంతటదే పోతుందన్న ఆశ పాలకుల్లో బలంగా ఉండేది.

జరిగింది వేరు. భర్తకు ఒక రోజు, భార్యకు మరో రోజు, బడికి వెళ్లే పిల్లలకు ఇంకో రోజు సెలవు వచ్చేసరికి, కుటుంబమంతా ఒకచోట కూర్చునే రోజే లేకుండా పోయింది. ఇంటికి చుట్టాలు రావడం, స్నేహితులు కలవడం కష్టమైంది. సమావేశానికి సభ్యులను ఒకేసారి పోగుచేయడం పార్టీ శాఖలకు సైతం తలకు మించిన పనయింది. పైగా, ఒకే యంత్రం రోజుకొకరి చేతిలో పడడంతో దాని బాగోగులు చూసే బాధ్యత ఎవరిదీ కాకుండా పోయి, ఉత్పత్తి విషయంలో కూడా ఆశించిన ఫలితం దక్కలేదు. 1931 చివరికల్లా అందరికీ ఒకే సెలవు ఉండే ఆరు రోజుల వారం వచ్చింది. 1940 జూన్‌లో, యుద్ధ సన్నాహాల నడుమ పనిగంటలు పెంచిన ఉత్తర్వుతోపాటే, ఏడు రోజుల వారం, ఆదివారం సెలవు తిరిగి వచ్చాయి. పల్లెల్లో అయితే ఆదివారం పోయినట్టు కాగితం మీద తప్ప కనిపించలేదు. రైతులు ఆ పదకొండేళ్లూ ఆదివారాన్ని, చర్చి పండుగలను తమ లెక్క ప్రకారమే పాటించారు.

ఈ ఉదంతాన్ని మతవిశ్వాసం నెగ్గిందనడానికి రుజువుగా చూపేవారు ఉన్నారు. ఆ వివరణ అసంపూర్ణం. వారం పద్ధతిపై వచ్చిన అసంతృప్తిలో చర్చి ప్రస్తావన కంటే ఇంటి ప్రస్తావనే ముందుండేది. ఆదివారం దేవుడి రోజు అయినంతగానే కుటుంబం కూడే రోజు. మొదటి పనిని రద్దు చేయబోయి ప్రభుత్వం రెండోదాన్ని కూడా రద్దు చేసింది. రెండోదానికి బదులు ఏమీ ఇవ్వలేదు. సోవియట్ సమాజంలో పాత ఆచారాలు ఎక్కడ త్వరగా పోయాయి, ఎక్కడ మొండిగా నిలిచాయి అన్నది పరిశీలిస్తే ఈ తేడాయే మళ్లీ మళ్లీ ఎదురవుతుంది. ఆచారం చేసిపెడుతున్న పనిని కొత్త వ్యవస్థ తన భుజాన వేసుకున్నచోట ఆచారం సడలింది. ఆ పనిని గుర్తించనిచోట, గుర్తించినా చేయలేనిచోట అది నిలిచింది, లేదా వేషం మార్చుకుంది.

వివాహ చట్టాలతో మొదలుపెడితే ఈ సంగతి స్పష్టమవుతుంది. అధికారంలోకి వచ్చిన కొద్ది వారాలకే, 1917 డిసెంబరులో, బోల్షివిక్ ప్రభుత్వం చర్చి వివాహానికి చట్టబద్ధతను తొలగించి పౌర వివాహాన్ని, సులభమైన విడాకులను ప్రవేశపెట్టింది. 1918 కుటుంబ చట్టం వివాహేతర సంతానానికి ఇతర పిల్లలతో సమానమైన హక్కులు ఇచ్చింది. 1920లో గర్భస్రావం చట్టబద్ధమైంది. 1926 చట్టం ఇంకా ముందుకు వెళ్లి, నమోదు కాని సహజీవనాన్ని కూడా వివాహంగా గుర్తించింది. విడాకులకు ఒక్కరు కోరితే చాలు, రెండోవారికి ఆ కబురు పోస్టుకార్డు మీద అందేది. ఆనాటి ప్రపంచంలో ఇంత దూరం వెళ్లిన కుటుంబ చట్టం మరొకటి లేదనే చెప్పవచ్చు.

అయితే 1926 చట్టంపై దేశవ్యాప్తంగా జరిగిన చర్చలో రైతు ప్రతినిధులు లేవనెత్తిన అభ్యంతరం గమనించదగ్గది. రష్యన్ పల్లెలో భూమి, పశువులు, పనిముట్లు ఉమ్మడి కుటుంబానివి. కొడుకు ఎవరితోనో సంబంధం పెట్టుకుని బిడ్డను కంటే, ఆ బిడ్డ పోషణకు భరణం ఉమ్మడి ఆస్తిలోంచే కట్టాలి, అంటే అన్నదమ్ములందరిదీ అయిన ఆవును అమ్మాలి. వారి మాటల్లో పితృస్వామ్య సంకుచితత్వం లేకపోలేదు కానీ, వ్యక్తుల మధ్య ఒప్పందంగా వివాహాన్ని చూసే చట్టం, ఆస్తి బంధంగా వివాహాన్ని చూసే గ్రామంతో ఎక్కడ తగువు పడుతుందో వారు సరిగ్గానే పట్టుకున్నారు. పట్టణాల్లో చిక్కు మరో రకం. ప్రైవేటు వ్యాపారాన్ని కొంత అనుమతించిన ‘నూతన ఆర్థిక విధానం’ నడిచిన 1920లలో నిరుద్యోగం ముందుగా స్త్రీలనే తాకింది. భర్త విడిచిపెడితే కోర్టు భరణం విధించేది. అతను ఊరు మారితే దాన్ని వసూలు చేసే యంత్రాంగం మాత్రం లేదు. పాత వివాహం స్త్రీని బంధించినమాట నిజమే, దానితోపాటు ఒక కనీస భద్రత కూడా ఉండేది. కొత్త చట్టం బంధాన్ని తెంచగలిగింది. భద్రతకు కావలసిన ఉద్యోగాలు, శిశుగృహాలు, గదులు చట్టంతో పుట్టేవి కావు.

తర్వాత వచ్చిన వెనుకడుగులను ఈ నేపథ్యంలో చూడాలి. 1936లో గర్భస్రావాన్ని నిషేధించి, విడాకులను ఖరీదైనవిగా మార్చారు. 1944 శాసనం నమోదైన వివాహానికే గుర్తింపునిచ్చి, పదిమంది పిల్లలను కని పెంచిన తల్లికి ‘వీరమాత’ బిరుదు ప్రకటించింది. జనాభా నష్టం, యుద్ధం, స్టాలిన్ కాలపు కట్టుబాట్లు వీటికి ప్రధాన కారణాలే. పదేళ్లపాటు పోస్టుకార్డు విడాకుల భారం మోసినవారిలో కొందరు స్త్రీలు కట్టుదిట్టమైన విడాకుల చట్టాన్ని సమర్థించారన్నది మాత్రం సాధారణంగా మరుగున పడే విషయం. గర్భస్రావ నిషేధంపై అలాంటి సమ్మతి లేదు. 1936 ముసాయిదాపై జరిగిన బహిరంగ చర్చలో ఇరుకు గదులను, చాలని జీతాలను ప్రస్తావిస్తూ దాన్ని వ్యతిరేకించిన స్త్రీల లేఖలు పత్రికల్లోనే వచ్చాయి. ఆ నిషేధం 1955 వరకూ కొనసాగింది.

ఇంటిపని విషయంలో తొలితరం కమ్యూనిస్టుల ఆలోచన స్పష్టంగా ఉండేది. వంటింటి నుంచి స్త్రీకి విముక్తి కలగాలంటే సామూహిక భోజనశాలలు, శిశుగృహాలు రావాలని లెనిన్ 1919లో రాశాడు. అలెగ్జాండ్రా కొల్లొంతాయ్, ఇనెస్సా అర్మాండ్ వంటివారు అదే ఏడాది ఏర్పడిన పార్టీ మహిళా విభాగం ద్వారా ఈ కార్యక్రమాన్ని ముందుకు నడిపారు. 1925లో ఇవానొవో-వొజ్నెసెన్‌స్క్‌లో మొదటి ‘వంట కర్మాగారం’ తెరుచుకుంది. మాస్కోలో వాస్తుశిల్పి మొయిసేయ్ గింజ్‌బర్గ్ బృందం 1928 నుంచి 1930 వరకూ నిర్మించిన నార్కొంఫిన్ భవనంలో భోజనశాల, చాకిరేవు ఉమ్మడిగా ఉండి, అనేక ఇళ్లలో వంటకు ఒక మూల మాత్రమే మిగిలింది. ఆర్థికవేత్త స్త్రుమిలిన్ 1920ల ఆరంభంలో కార్మిక కుటుంబాల దినచర్యను గంటల లెక్కన నమోదు చేయించినప్పుడు తేలింది మాత్రం పాత కథే: ఇంటిపనికి స్త్రీ వెచ్చించే సమయం పురుషుడి కంటే ఎంతో ఎక్కువ, ఆమె నిద్ర, విశ్రాంతి ఆ మేరకు తక్కువ. భారీ పరిశ్రమలకు వనరులన్నీ మళ్లిన పంచవర్ష ప్రణాళికల కాలంలో చాకిరేవులు వెనుకబడ్డాయి. 1930లో మహిళా విభాగాన్ని కూడా మూసివేశారు. ఉమ్మడి వంటగది చివరకు జనానికి దక్కిన రూపం విముక్తిది కాదు, ఇరుకుది: నాలుగైదు కుటుంబాలు ఒకే ఇంట్లో గదికొకటిగా సర్దుకుని, ఒకే వంటింట్లో ఎవరి పొయ్యి వారు పెట్టుకున్న ‘కొమ్మునాల్కా’. 1950ల చివర్లో క్రుశ్చేవ్ హయాంలో ప్రతి కుటుంబానికీ విడి ఇల్లు కట్టించే కార్యక్రమం మొదలైనప్పుడు, అగ్గిపెట్టెంత సొంత వంటిల్లు దక్కిందని జనం సంబరపడ్డారంటే ఆశ్చర్యం లేదు.

శిశుగృహాలు చాలనిచోట పిల్లలను పెంచింది ఎవరు? అమ్మమ్మలు, నాయనమ్మలు. సోవియట్ ఆర్థిక వ్యవస్థ ఏ లెక్కల్లోనూ చూపని శ్రమ ఇది. తల్లి కర్మాగారానికి వెళితే, సరుకుల కోసం గంటల తరబడి వరుసలో నిలబడటం, పిల్లలకు జబ్బు చేస్తే చూసుకోవడం, బడి నుంచి తీసుకురావడం ముసలామె పని. ఆమె చేతుల్లో పిల్లలతోపాటు పాత లోకం కూడా పెరిగింది. గదిలో ఒక మూల దేవుడి పటం, ఈస్టర్‌కు రంగులద్దిన గుడ్లు, పార్టీ సభ్యుడైన తండ్రి ఊళ్లో లేని రోజున గుట్టుగా ఇప్పించిన బాప్తిస్మం, ఇవన్నీ ఆమె ద్వారానే సాగాయి. తండ్రికి తెలియదని కాదు, తెలియనట్టు ఉండటం అందరికీ సౌకర్యం. 1960లలో చర్చిలో బాప్తిస్మం ఇప్పించే తల్లిదండ్రుల వివరాలు నమోదు చేయాలన్న నియమం తెచ్చారు. దానితో ఈ గుట్టు ఇంకా పెరిగింది తప్ప ఆచారం ఆగలేదు. నాస్తిక ప్రచారానికి ఏటా ఎంతో ఖర్చుచేసిన రాజ్యం, విశ్వాసాన్ని మనవలకు అందించే వ్యక్తి మీదే శిశు సంరక్షణ భారాన్ని మోపింది. ఈ వైరుధ్యాన్ని ఏ ప్రచార కరపత్రమూ పరిష్కరించలేదు.

1937 జనాభా లెక్కల్లో మతానికి సంబంధించిన ప్రశ్న ఒకటి చేర్చారు. చర్చిలు కూల్చిన, మతాచార్యులను అరెస్టు చేసిన దశాబ్దం నడుమ, పదహారేళ్లు దాటినవారిలో సగానికి పైగా, దాదాపు 57 శాతం, తాము విశ్వాసులమని జనాభా లెక్కల సిబ్బందికి చెప్పారు. జనాభా సంఖ్య కూడా ప్రభుత్వం ఊహించినదాని కంటే చాలా తక్కువ వచ్చింది. ఆ లెక్కలను తొక్కిపెట్టారు. వాటిని నిర్వహించిన నిపుణులు పలువురు అరెస్టయ్యారు. 1939 లెక్కల్లో ఆ ప్రశ్న లేదు.

పుట్టుక, పెళ్లి, చావు అనే మూడు సందర్భాలకూ బోల్షివిక్‌లు తొలి రోజుల్లోనే కొత్త తంతులు కల్పించాలని చూశారు. వోద్కాకూ చర్చికీ పోటీగా సినిమాను నిలపాలని ట్రాట్‌స్కీ 1923లో రాసిన వ్యాసాల వెనుక, మనిషికి వేడుక, వినోదం కావాలన్న గ్రహింపు ఉంది. బాప్తిస్మానికి బదులు ‘అక్టోబరు నామకరణం’ వచ్చింది. కర్మాగారపు క్లబ్బులో సభ పెట్టి, ఉపన్యాసాలు ఇచ్చి, బిడ్డకు అక్త్యాబ్రీనా, వ్లాద్‌లెన్, నినెల్, కిమ్ వంటి పేరు పెట్టేవారు. ‘లెనిన్’ను తిరగేస్తే నినెల్. కమ్యూనిస్టు యువజన అంతర్జాతీయ సంస్థ రష్యన్ పేరులోని తొలి అక్షరాలు కలిపితే కిమ్. పేర్లు కొంతకాలం నిలిచాయి. తంతు మాత్రం 1920లు దాటలేదు. ఎందుకంటే బాప్తిస్మం చుట్టూ జ్ఞాన తల్లిదండ్రుల బంధం ఉండేది, అమ్మానాన్నలకు ఏమైనా అయితే బిడ్డకు దిక్కుగా నిలిచే మరో ఇల్లు ఉండేది. క్లబ్బులో చప్పట్లు కొట్టిన సహోద్యోగులకు అలాంటి బాధ్యత ఏదీ లేదు. చావు విషయంలో మార్పు మరింత నెమ్మది. 1927లో మాస్కోలోని దొన్‌స్కోయ్ మఠం ఆవరణలో, చర్చిగా ఉన్న కట్టడంలోనే, ఆ నగరపు తొలి దహనవాటికను తెరిచారు. ఆధునికమైనదని దాన్ని ఎంత ప్రచారం చేసినా, జనంలో అత్యధికులు ఖననాన్నే కోరుకున్నారు. తొమ్మిదో రోజు, నలభయ్యో రోజు భోజనాలు పెట్టడం, ఈస్టర్ రోజుల్లో సమాధుల దగ్గరకు వెళ్లడం సోవియట్ కాలమంతా సాగాయి. దహనాన్ని ప్రోత్సహించిన అదే రాజ్యం తన స్థాపకుడి దేహాన్ని 1924 నుంచి భద్రపరచి దర్శనానికి ఉంచడం గురించి వేరే వ్యాఖ్య అక్కర్లేదు.

పేర్ల విషయంలో తెలుగు నేలతో నేరుగానే సంబంధం ఉంది. లెనిన్, స్టాలిన్, గోర్కీ అనే పేర్లున్న మనుషులు కోస్తాలోనూ తెలంగాణలోనూ ఇప్పటికీ కనిపిస్తారు. మాస్కోలో అచ్చయి విశాలాంధ్ర దుకాణాల్లో అమ్ముడైన తెలుగు పుస్తకాల ద్వారా ఒక తరానికి సోవియట్ జీవితం పరిచయమైంది. పురోహితుడు, కట్నం లేకుండా సభలో దండలు మార్చుకున్న పెళ్లిళ్లు, పేరులోని కులవాచకాన్ని తీసేసి కమ్యూనిస్టు నేత పుచ్చలపల్లి సుందరరామిరెడ్డి సుందరయ్యగా మారడం, 1943లో లీలను వివాహమాడిన ఆయన పిల్లలు వద్దనుకోవడం, ఇవన్నీ ఆ ప్రభావంతోపాటు ఇక్కడి సంస్కరణోద్యమాల వారసత్వాన్ని కూడా కలుపుకున్న మార్పులే. కాకపోతే రాజ్యాధికారం చేతిలో లేని ఉద్యమం ఆచారాన్ని కార్యకర్త ఇంటి వరకే మార్చగలిగింది. రాజ్యాధికారం ఉన్నచోట కూడా మార్పు ఎక్కడ ఆగిపోయిందన్నదే సోవియట్ అనుభవంలోని ఆసక్తికరమైన ప్రశ్న.

1930ల మధ్య నుంచి రాజ్యమే దారి మార్చుకుంది. క్రిస్మస్ చెట్టును 1920ల చివర్లో మతచిహ్నంగా వెంటాడి, 1935 డిసెంబరు 28న పార్టీ పత్రిక ప్రావ్దాలో పార్టీ నేత పావెల్ పోస్తిషెవ్ పేరిట వచ్చిన లేఖతో ఆ చెట్టునే నూతన సంవత్సరపు చెట్టుగా తిరిగి తెచ్చారు. కొమ్మ చివర బెత్లెహేము నక్షత్రం ఉండాల్సినచోట ఐదు కోణాల ఎర్ర నక్షత్రం చేరింది. మంచు తాత, మంచు పిల్ల బహుమతులు పంచారు. ఇది విజయవంతమైంది, సోవియట్ కల్పనల్లో ఇంతగా ఇంటింటికీ చేరింది బహుశా మరొకటి లేదు. నడిచలికాలంలో పిల్లల కోసం ఇల్లంతా కూడే సందర్భం ఒకటి కావాలన్న అవసరాన్ని అది యథాతథంగా తీర్చింది. 1918లో కొత్త క్యాలెండరుకు మారినప్పుడు చర్చి పాత లెక్కలోనే ఉండిపోవడంతో, కొత్త సంవత్సరం తర్వాత పాత లెక్క ప్రకారం జనవరి 14న ‘పాత నూతన సంవత్సరం’ అంటూ మరోసారి బల్ల సర్దుకునే వెసులుబాటు కూడా కుటుంబాలకు చిక్కింది.

పెళ్లిలోనూ అదే జరిగింది. తొలిరోజుల్లో నమోదు కార్యాలయం అంటే పెళ్లి, విడాకులు, మరణం అన్నీ ఒకే బల్ల మీద రాసుకునే వెలవెలబోయిన గది. ఉంగరం ధరించడం బూర్జువా చిహ్నం. 1959లో లెనిన్‌గ్రాడ్‌లో నేవా తీరాన, ఒకప్పటి రాకుమారుడి భవంతిలో, తొలి ‘వివాహ మందిరం’ తెరుచుకుంది. పాలరాతి మెట్లు, సంగీతం, తెల్లని దుస్తులు, ఉంగరాలు అన్నీ తిరిగి వచ్చాయి. పురోహితుడి స్థానంలో ప్రభుత్వ ప్రతినిధి నిలబడింది. తర్వాతి ఏళ్లలో నవదంపతులు యుద్ధవీరుల స్మారకం దగ్గర పూలు ఉంచడం ఆనవాయితీగా స్థిరపడింది. చర్చి ఇచ్చిన గాంభీర్యానికి సాటిగా యుద్ధస్మృతి ఒక్కటే నిలబడగలిగిందని దీన్నిబట్టి అర్థమవుతుంది, ఎందుకంటే యుద్ధంలో మనిషిని పోగొట్టుకోని ఇల్లు అరుదు. తర్వాత 1985లో గోర్బచేవ్ మద్యవ్యతిరేక ఉద్యమం మద్యం లేని పెళ్లిళ్లను ఆదేశించినప్పుడు, వోద్కా టీ కూజాల్లోకి మారింది.

సమస్య అత్యంత తీవ్రంగా బయటపడింది మాత్రం రష్యాలో కాదు, ఉజ్బెకిస్తాన్‌లో. అక్కడి పట్టణ స్త్రీలు బయటికి వచ్చేటప్పుడు ఒళ్లంతా కప్పే పరంజి, ముఖం మీద గుర్రపు వెంట్రుకలతో నేసిన చచ్వాన్ ధరించేవారు. 1920లలో పార్టీ మహిళా విభాగం కేవలం స్త్రీల కోసమే క్లబ్బులు, దుకాణాలు, సహకార సంఘాలు, వైద్య కేంద్రాలు నడిపింది. పని నిదానంగా సాగినా, ముసుగు తీసిన స్త్రీ వెళ్లడానికి ఒక చోటు, బతకడానికి ఒక పని ఏర్పడుతూ వచ్చాయి. ఈ నిదానం నచ్చని పార్టీ 1927 మార్చి 8న ‘హుజుమ్’ అనే దాడిని ప్రారంభించింది. తాష్కెంట్, సమర్‌కంద్ వంటి నగరాల కూడళ్లలో వేలాది స్త్రీలు పరంజిలను మంటల్లో వేశారు. అనేకులు కొద్ది రోజుల్లోనే తిరిగి ధరించారు. పార్టీ సభ్యులే తమ భార్యలను సభకు ముసుగు లేకుండా తెచ్చి, ఇంటికి ముసుగుతో తీసుకెళ్లిన సందర్భాలు నమోదయ్యాయి. భూసంస్కరణలు, షరియత్ కోర్టుల మూసివేత, మసీదు ఆస్తుల స్వాధీనం అన్నీ అప్పుడే జరుగుతుండటంతో, ముసుగు తీసిన స్త్రీ ముఖం ఆ మొత్తం దాడికి గుర్తుగా మారింది. రాజ్యాన్ని ఏమీ చేయలేనివారు ఆమెను ఏమైనా చేయగలరు. మూడేళ్ల లోపు దాదాపు రెండు వేల మంది స్త్రీలు హత్యకు గురయ్యారని చరిత్రకారుల అంచనా. మార్గిలాన్‌కు చెందిన యువనటి నూర్‌ఖాన్ యుల్దాషెవాను 1929లో సొంత అన్నే చంపాడు. హంతకులకు మరణశిక్షలు పడ్డాయి. కానీ శిక్ష హత్య తర్వాత వస్తుంది. మంటల్లో పరంజి వేసిన సాయంత్రం ఆ స్త్రీ తిరిగి వెళ్లాల్సింది తండ్రి ఇంటికో, భర్త ఇంటికో తప్ప మరోచోటికి కాదు.

పరంజి చివరికి పోయింది. దాన్ని పోగొట్టింది కూడళ్లలోని మంటలు కాదు. ఆడపిల్లలకు తప్పనిసరైన బడి, సామూహిక క్షేత్రాల్లో పత్తి పని, 1941 తర్వాత మగవారు యుద్ధానికి వెళితే కర్మాగారాల్లో, కార్యాలయాల్లో వారి స్థానంలోకి వచ్చిన స్త్రీలు, ఇవన్నీ కలిసి రెండు మూడు దశాబ్దాల్లో చేసిన పని అది. తొందరపాటు లేకుండా క్లబ్బుల దారినే కొనసాగి ఉంటే ఇంత రక్తం లేకుండానే ఇదంతా జరిగేదా అన్నది వాదనకు తెరిచి ఉన్న ప్రశ్న. కనీసం చంపబడినవారి సంఖ్య తక్కువగా ఉండేదని చెప్పడానికి మాత్రం వాదన అక్కర్లేదు.

ముసుగు పోయినచోటే ‘తొయ్’ పోలేదు. పెళ్లికి, మగపిల్లవాడి సున్తీకి పెట్టే ఈ పెద్ద విందుకు మహల్లా, అంటే వాడవాడంతా వస్తుంది. పెద్ద పెద్ద బానల్లో పులావు ఉడుకుతుంది. వరుడి తరఫు ఇచ్చే కన్యాశుల్కాన్ని సోవియట్ చట్టాలు 1920లలోనే నేరంగా ప్రకటించినా, అది బట్టలుగా, గొర్రెలుగా, తర్వాత ఇంటి సామానుగా మారి కొనసాగింది. సామూహిక క్షేత్రాల అధ్యక్షులు, ఉపాధ్యాయులు, పార్టీ కార్యదర్శులు కూడా తొయ్ చేశారు. వారిని సోవియట్ పత్రికలు ‘గతకాలపు అవశేషాలు’ అన్న మాటతో దశాబ్దాలపాటు తిట్టిపోశాయి. అవశేషం అన్న మాటే ఇక్కడ తప్పుదోవ పట్టిస్తుంది. తొయ్‌కు వచ్చిన ప్రతి ఇల్లూ ఏదో ఒకటి తెస్తుంది, తెచ్చింది గుర్తుంటుంది, తమ ఇంట్లో తొయ్ జరిగినప్పుడు తిరిగి వస్తుంది. ఇల్లు కట్టుకోవడానికి మనుషులు, పత్తి తూకం దగ్గర మాట సాయం, పట్టణంలో చదివే కొడుక్కి బస, కొరతగా ఉన్న సరుకు సంగతి ముందుగా చెప్పే చుట్టం, అన్నీ ఈ లెక్కలోంచే దొరికేవి. కొరతల ఆర్థిక వ్యవస్థలో రూబుళ్లు దాచుకోవడం కంటే తొయ్‌లో ఖర్చుపెట్టడమే తెలివైన పొదుపు. సోషలిజం ఆ ఆచారాన్ని నిర్మూలించలేకపోవడం అటుంచి, దాని అవసరాన్ని కొంత పెంచింది కూడా.

సోవియట్ యూనియన్ 1991లో పోయింది, తొయ్ ఉంది. స్వతంత్ర ఉజ్బెకిస్తాన్ ప్రభుత్వం పెళ్లి ఖర్చుల మీద, అతిథుల సంఖ్య మీద పరిమితులు విధిస్తూ 2020 జనవరి నుంచి నిబంధనలు అమల్లోకి తెచ్చింది. వాటి అమలును చూడాల్సిన బాధ్యత మహల్లా సంఘాలకు కూడా అప్పగించింది. ఆ సంఘాల పెద్దలే ఆ విందుల్లో మొదటి వరుస అతిథులు. రష్యాకు, కజక్‌స్తాన్‌కు వలసవెళ్లిన కొడుకులు పంపే డబ్బుతో విందులు ఇంకా పెద్దవయ్యాయి. వలసవెళ్లినవాడు ఊళ్లో లేని ఏళ్లలో అతని ఇంటిని కనిపెట్టుకుని ఉండేది, తిరిగి వచ్చాక అతనికి స్థానం చూపేది ఆ విందుకు వచ్చినవారే.